అబ్బురపు వేళ్ళు

బొండుమల్లె గింజ కట్టదు. సాయంవేళ విచ్చుతుంది, రాత్రంతా పరిమళిస్తుంది, మరునాటి ఎండకు వాడి రాలిపోతుంది. కేసరాలు కావలసినవి రేకులుగా మారడం వల్ల దానికి ఆ నిండుదనం వచ్చింది. ఆ నిండుదనమే దానికి సంతానం లేకుండా చేసింది. అందుచేత తెలుగునాట ఏ పెరట్లో, ఏ బాల్కనీలో బొండుమల్లె పూచినా అది విత్తు మొలిచి వచ్చినది కాదు. ఎవరో ఒకరు ఒక కొమ్మను తుంచి నాటితేనో, వంచి మట్టిలో అదిమితేనో వచ్చినది. ఆ ఎవరికో అంతకు ముందు మరెవరో ఇచ్చి ఉంటారు. ఈ వరుసలో గాలికీ, పక్షికీ పాత్ర లేదు. అంతా మనుషుల చేతుల మీదుగా నడిచిన వ్యవహారం.

శ్రద్ధగా చూస్తే మన ఇళ్ళలోని పూలమొక్కల్లో చాలా వాటి కథ ఇదే. ముద్దనందివర్ధనం అంతే. ముద్దమందారం కాయ కట్టడం అరుదు. నారింజ రంగు ఢిల్లీ కనకాంబరానికి క్రోమోజోముల వరుసలు రెండుకు బదులు మూడుండడం చేత గింజ పట్టదు. అది కొమ్మల మీదనే వ్యాపించింది. మహానందికి వెళ్ళేటప్పుడు కనబడే అరటి తోటలన్నీ కూడా అదే కారణం చేత పిలకల మీదనే నడుస్తున్నాయి. దేవుడి పూజకూ ఆడవారి జడకూ మనం ఎంచుకున్న పూలు ఎక్కువగా సంతానం లేనివే కావడం ఆలోచించదగ్గ విషయం. వాటిని కొనసాగించే భారం మనమే తలకెత్తుకున్నామన్నమాట.

కొమ్మ ముక్కకు పుట్టే వేళ్ళను మన తెలుగు వృక్షశాస్త్ర పాఠ్యపుస్తకాలు ‘అబ్బురపు వేళ్ళు’ అంటాయి. విత్తనం మొలకెత్తినప్పుడు మొట్టమొదట నేలలోకి దిగేది తల్లివేరు. దానితో నిమిత్తం లేకుండా కాండం మీదనో, ఆకు మీదనో, వేరు పుట్టవలసిన చోటు కాని చోట పుట్టుకొచ్చేది అబ్బురపు వేరు. అబ్బురమంటే ఆశ్చర్యం. ముప్పయ్యేళ్ళకు పైగా తెలుగు చెప్పినవాణ్ణి. పారిభాషిక పదాలలో ఇంత అందమైనది నాకు మరొకటి తారసపడలేదు. శాస్త్రం చెప్పవలసిన మాటనూ, చూసినవాడి మనసులో కలిగే భావాన్నీ రెంటినీ ఒక్క మాటలో ఇమిడ్చారు. మరొక ముచ్చట కూడా చెప్పాలి. మన భాషలో చేతి వేలికీ, చెట్టు వేరుకీ ఏకవచనాలు వేరయినా బహువచనం ఒక్కటే – వేళ్ళు. వ్యాకరణరీత్యా దానికి కారణాలు దానికున్నాయి గాని, కొమ్మ నాటేవాడికి ఆ కారణాలతో పని లేదు. వేళ్ళు నాటితేనే వేళ్ళు పడతాయి!

ఈ విద్య మనకు కొత్తది కాదు. స్థావరాలలో బీజం నుంచి మొలిచేవీ, కాండం నుంచి మొలిచేవీ అన్న విభాగం మనుస్మృతి ప్రథమాధ్యాయంలోనే కనబడుతుంది. ఆరవ శతాబ్దివాడైన వరాహమిహిరుడు తన బృహత్సంహితలో వృక్షాయుర్వేదానికి ఒక అధ్యాయమే కేటాయించి, కొమ్మ నాటి పెంచదగినవాటికి ‘కాండరోప్యములు’ అని పేరు పెట్టి జాబితా ఇచ్చాడు. అందులో దానిమ్మ ఉంది, ద్రాక్ష ఉంది, అరటి ఉంది, పూలలో మాధవీలత ఉంది. పనస కూడా ఉంది గాని, అది కొమ్మతో అంత సులభంగా వేరు పట్టే చెట్టు కాదు. ఈ కొమ్మలకు గోమయం పూసి నాటాలని ఆయన విధించాడు.

మా అమ్మ బృహత్సంహిత పేరు విని ఉండదు. కాని ఆళ్లగడ్డలో మా ఇంటి వెనుక, స్నానాల నీళ్ళు పారే చోటు పక్కన, మందారం కొమ్మ గుచ్చిన ప్రతిసారీ పై కోతకు చిటికెడు పేడ అద్దేది. ఎందుకమ్మా అంటే “తల ఎండిపోకుండా” అనేది. కారణం సరిగ్గా అదే. కోసిన చోటు నుంచి తేమ ఆవిరి కాకుండా ఆ పూత మూతవేస్తుంది. పదిహేను వందల ఏళ్ళ నాటి శాస్త్రం ఏ గ్రంథమూ తెరవని ఇల్లాలి చేతిలో యథాతథంగా బతికి ఉంది. ఆమెకు మల్లె ఒక్కటే గాక, నందివర్ధనం, మందారం, చామంతి ఉండి తీరాలి. కనుమ నాడు అహోబిల నరసింహుడు పారువేటకు బయలుదేరి నలభై రోజులకు పైగా ఆ చుట్టుపట్ల పల్లెల్లో తిరుగుతాడు. స్వామి పల్లకి వచ్చే ఆ చలిరోజులు మల్లెకు కాలం కాదు. అందుకని ఆ ఋతువులో పూచేవి కూడా ఇంట్లో ఉండాలన్నది ఆమె లెక్క.

ఇక ఆధునికుల మాట. మొక్క చిగురులో ఆక్సిన్ అనే పదార్థం తయారై, కాండం వెంట కిందికి దిగుతుంది. కొమ్మను కోసినప్పుడు ఆ దిగుతున్నది కోత దగ్గర ఆగి పోగుపడుతుంది. అక్కడి కణాలు మొదట గాయాన్ని మాన్పుకొంటాయి; తరువాత వాటిలో కొన్ని తమ పాత వృత్తి మానుకొని వేరుగా మారతాయి. 1935లో అమెరికాలోని బాయ్స్ థాంప్సన్ సంస్థలో జిమ్మర్‌మన్, విల్‌కాక్సన్ అనే శాస్త్రజ్ఞులు ఇండోల్ బ్యూటిరిక్ ఆమ్లం అనే రసాయనం ఈ పని బాగా చేయిస్తుందని కనుగొన్నారు. ఈనాడు ఎరువుల దుకాణాల్లో ‘రూటింగ్ హార్మోన్’ పేరుతో అమ్మే తెల్లపొడిలో సాధారణంగా ఉండేది అదే. సగం ముదిరిన కొమ్మలకు 1000 నుంచి 3000 పి.పి.ఎం. బలం గల పొడి సరిపోతుంది. ఎక్కువ బలమైనది అద్దితే ఎక్కువ వేళ్ళు వస్తాయనుకోవడం పొరపాటు, కోత మాడిపోతుంది. తేనె, దాల్చినచెక్క పొడి వంటివి కొందరు వాడుతున్నారు. అవి బూజును కొంత అడ్డుకోవచ్చునేమో గాని, వేరు పుట్టించే మందులు కావు.

ఆక్సిన్ ఎప్పుడూ చిగురు నుంచి మొదలు వైపుకే నడుస్తుంది కనుక, కొమ్మను తలకిందులుగా నాటితే లాభం లేదు. ఆకులన్నీ తీసేసిన గన్నేరు పుల్లలను చూపి మా మనుమరాలు “తాతయ్యా, వీటిలో ఏది పైన, ఏది కింద?” అని అడిగింది. మంచి ప్రశ్న. అందుకే కోసేటప్పుడే కింది కోత ఏటవాలుగా, పై కోత అడ్డంగా కోయాలి. ఏటవాలుగా ఉన్నది నేలకు, అడ్డంగా ఉన్నది ఆకాశానికి. ఇంక తికమక ఉండదు.

నంద్యాలలో ఈ పని చేయడానికి ఇక్కడివే కొన్ని చిక్కులున్నాయి. మొదటిది మన్ను. మాది నల్లరేగడి నేల. 1906 నుంచి ఇక్కడ వ్యవసాయ పరిశోధన స్థానం ఉంది; పత్తికీ జొన్నకూ ఈ రేగడి తల్లి వంటిది. కాని కుండలో పోస్తే దాని గుణం మారిపోతుంది. తడిస్తే ఉబ్బి గాలి ఆడనివ్వదు, ఆరితే కుంచించుకొని నెర్రెలిస్తుంది. అప్పుడే పుట్టిన దారం వంటి వేరు ఆ నెర్రెలో తెగిపోతుంది. అందువల్ల కొమ్మలు నాటడానికి రేగడి పనికిరాదు. శుభ్రంగా కడిగిన ముతక ఇసుక ఒక పాలు, కొబ్బరిపొట్టు ఒక పాలు కలిపితే చాలు. కొబ్బరిపొట్టు దొరకకపోతే బియ్యం మిల్లుల దగ్గర దొరికే నల్లటి ఊకబొగ్గు కలుపుకోవచ్చు. ఎరువు ఈ దశలో వేయరాదు. వేరే లేనిది తినేదేమిటి? ఎరువు వేస్తే కుళ్ళు తప్ప ఫలితముండదు.

రెండవ చిక్కు ఎండ. ఏప్రిల్, మే నెలల్లో ఇక్కడ నలభై డిగ్రీలు దాటడం ఏటేటా చూస్తున్నదే. మా ప్రాంతపు ఇళ్ళలో నేలకు పరిచేవి బేతంచెర్ల నాపరాళ్ళు. పడమటి బాల్కనీలో మధ్యాహ్నం మూడింటికి ఆ బండ మీద అరికాలు మోపలేము. మనిషి కాలు ఆననిచోట కుండ అడుగున ఉన్న వేరు ఎలా ఓర్చుకుంటుంది? కుండ కింద రెండు ఇటుకలు పెట్టి గాలి ఆడేలా చూడాలి. ప్లాస్టిక్ కుండీకంటే మట్టికుండ మేలు. దాని ఒంటిమీద చెమ్మ ఆరుతూ లోపలి మట్టిని చల్లబరుస్తుంది. అన్నిటికంటే ముఖ్యం, వేసవిలో ఈ పని తలపెట్టకపోవడం. తొలకరి పడి నేల చల్లబడ్డ తరువాత ఆషాఢ శ్రావణాలు శ్రేష్ఠం. ఆశ్వయుజ మాసపు వానల్లో మరొక అవకాశం వస్తుంది.

ఇప్పుడు పద్ధతి చెబుతాను. తెల్లవారుజామున, చెట్టు నిండా నీరుండగా కొమ్మ కోయాలి. పూర్తిగా లేతది కుళ్ళుతుంది, పూర్తిగా ముదిరినది తొందరగా కదలదు. వంచితే కొద్దిగా వంగి, మరీ వంచితే పుటుక్కున విరిగే సగం ముదురు కొమ్మ మల్లెకూ, మందారానికీ, నందివర్ధనానికీ తగినది. కాగితంపూల తీగెకు మాత్రం పెన్సిలంత లావైన ముదురు కొమ్మ కావాలి. ముక్క జానెడులోపు పొడవుంటే చాలు, మూడు నాలుగు కణుపులు ఉండాలి. కింది కోత కణుపుకు ఆనుకొని దిగువన ఉండాలి. వేరు పుట్టే శక్తి కణుపు దగ్గర ఎక్కువ. కత్తి పదునుగా, శుభ్రంగా ఉండాలి. నలిగిన కోత మానదు.

తరువాత కింది ఆకులు తీసేసి, పైన రెండు ఆకులుంచి, అవి పెద్దవైతే సగానికి కత్తిరించాలి. మొగ్గలుంటే నిర్దాక్షిణ్యంగా తుంచేయాలి. మొగ్గలు తుంచడానికి చాలామందికి చేతులు రావు. కాని వేరు లేని కొమ్మకు ఉన్న నిలవ సొమ్ము చాలా తక్కువ. దాన్ని పువ్వుకు ఖర్చుపెడితే వేరుకు మిగలదు. మా ఆళ్లగడ్డ శిల్పులు పేరుపొందినవారు. వారి పనిచోట నిలబడి చూస్తే, శిల్పి రాతికి ఏమీ చేర్చడు, అక్కర్లేనిది తీసేస్తూ పోతాడు. కొమ్మ నాటేవాడి పని కూడా ముప్పాతిక వంతు తీసివేతే.

పుల్లతో ముందు రంధ్రం చేసి, అందులో కొమ్మను రెండు కణుపులు మునిగేలా దింపి, చుట్టూ వేళ్ళతో అదమాలి. నీళ్ళు పోసి, పైన పలుచని ప్లాస్టిక్ సంచీ గొడుగులా కప్పాలి. ఆకు నీటిని బయటికి వదులుతూనే ఉంటుంది, తెచ్చిపెట్టే వేరు ఇంకా లేదు. కనుక చుట్టూ గాలిలోనే తేమ ఉండాలి. అదీ సంచీ ప్రయోజనం. వెలుతురుండాలి, ఎండ తగలరాదు. ఉత్తరపు బాల్కనీ ఉన్నవారు అదృష్టవంతులు.

ఒక్కొక్క మొక్కకు ఒక్కొక్క స్వభావం. మరువం మంచినీళ్ళ గ్లాసులో వేసినా వేరు వేస్తుంది. గన్నేరు కూడా నీళ్ళలోనే వేళ్ళు పోసుకుంటుంది. కాని దాని అణువణువూ విషం కనుక కోసిన కత్తినీ చేతులనూ కడుక్కోవాలి, పసిపిల్లలున్న ఇంట్లో అందుబాటులో ఉంచరాదు. నీళ్ళలో వేసినవాటికి రెండు మూడు రోజులకొకసారి నీరు మార్చాలి, లేకుంటే వేళ్ళ కంటే ముందు దోమలు పుడతాయి. నందివర్ధనం, మందారం నెల నుంచి నెలన్నర తీసుకుంటాయి. దేవగన్నేరు కొమ్మను కోసి, పాలు ఆరేదాకా వారం రోజులు నీడన పడేసి, ఆ తరువాత నాటాలి. తడి మీద నాటితే కుళ్ళుతుంది. నాటుగులాబి సులభంగా వస్తుంది. నర్సరీల నుంచి, ముఖ్యంగా గోదావరి వైపు కడియం నుంచి వచ్చే అంటుగులాబీల వేళ్ళు వేరొక గులాబివి. పై కొమ్మ కోసి నాటితే వేరు పట్టినా అంత బలంగా పెరగకపోవచ్చు. చామంతికి పూత అయ్యాక మొదట వచ్చే పిలకలను విడదీసి నాటడం మేలు. అది రాత్రులు పొడవైనప్పుడు పూచే మొక్క. వీధిదీపం వెలుగు రాత్రంతా పడే బాల్కనీలో చామంతి మొగ్గ తొడగడానికి ఆలస్యం చేస్తే ఆ దీపాన్ని అనుమానించండి, ఎరువును కాదు.

బొండుమల్లెకు అన్నిటికంటే నమ్మకమైన దారి నేల అంటు. తల్లికి అంటి ఉండగానే పొడవాటి కొమ్మను వంచి, ఒక కణుపు దగ్గర తొక్కను కొద్దిగా గీరి, పక్క కుండలోని మట్టిలో అదిమి, పైన రాయి పెట్టాలి. రెండు నెలల్లో వేరు పడుతుంది. అప్పుడు తల్లి వైపు కోస్తే చాలు. పాలు తాగుతూనే నడక నేర్చుకున్న బిడ్డ అది. కొమ్మ ముక్కకు ఆ భాగ్యం లేదు.

ఇక అందరికీ చెప్పవలసిన ముఖ్యమైన సంగతి ఒకటుంది. నాటిన పది పదిహేను రోజులకు కొమ్మ చిగురు పెడుతుంది. చూసి మురిసిపోతాం. కాని ఆ చిగురు వేరు పట్టిందనడానికి సాక్ష్యం కాదు. కొమ్మలో దాగిన పాత ఆహారంతోనే అది చిగురిస్తుంది. ఆ నిలవ అయిపోయేలోపు కింద వేరు దిగితే సరి, దిగకపోతే మూడవ వారంలో ఆకు వాలిపోతుంది. ఆ మధ్యకాలంలో పీకి చూడాలన్న కోరిక బలంగా కలుగుతుంది. మా అమ్మ చిన్నప్పుడే హెచ్చరించింది, “మాటిమాటికీ పీకి చూడాకు నాయనా, దానికి సిగ్గు” అని. సిగ్గు సంగతి ఏమో గాని, కంటికి కనబడీ కనబడని వేరు కొసలు ఒక్క కుదుపుకు తెగిపోతాయన్నది నిజం.

ఆ అమ్మ మల్లెచెట్టు గురించి చెప్పవలసి ఉంది. అది ఆమె పుట్టింటి నుంచి తెచ్చుకున్న అంటు. మేము పుట్టక ముందు నుంచీ ఆళ్లగడ్డ ఇంటి పెరట్లో బావిగట్టు పక్కన ఉండేది. అమ్మ 2009లో పోయింది. 2017 వైశాఖంలో ఆ ఇల్లు అమ్మవలసి వచ్చింది. కొన్నవారు మంచివారే, పాతమిద్దె పడగొట్టి కొత్తది కట్టుకుంటామన్నారు, పక్షం రోజుల్లో పని మొదలన్నారు. నేల అంటుకు వ్యవధి లేదు. పెద్ద చెట్టును వేళ్ళతో పెకలించి మూడవ అంతస్తు బాల్కనీకి తేవడం కాని పని. మిగిలిన దారి కొమ్మ ముక్కలు. అదీ ఏ కాలంలో నాటరాదని పైన రాశానో సరిగ్గా ఆ కాలంలో.

ఇరవైనాలుగు ముక్కలు కోశాను. తడిగుడ్డలో చుట్టి, దానిపైన అరటిపట్ట చుట్టి, ఆళ్లగడ్డ నుంచి శిరివెళ్ళ మీదుగా నంద్యాల బస్సులో సుమారు నలభై కిలోమీటర్లు ఒళ్ళో పెట్టుకొని తెచ్చాను. పక్క సీటు ఆయన “ఏంది అయ్యవారూ, పసిబిడ్డను ఎత్తుకున్నట్టు ఎత్తుకున్నారు?” అని నవ్వాడు. ఎండకు భయపడి వాటిని బాల్కనీలో పెట్టలేదు. ఇంట్లో ఉత్తరపు కిటికీ పక్కన, తడిపిన గోనెసంచి మీద, సంచీ గొడుగుల కింద పెట్టాం. మా ఆవిడ రోజుకు మూడుసార్లు నీళ్ళు చిలకరించేది. రెండవ వారానికి పదిహేను చిగురించాయి. ఇరుగుపొరుగు వచ్చి చూసి బతికాయన్నారు. మూడవ వారంలో ఒకటొకటిగా వాలడం మొదలైంది. పదమూడు పోయాయి. తొలకరి పడేనాటికి మిగిలినవి రెండు. ఆ రెండింటికి కింద తెల్లటి వేరు దిగింది.

మరుసటి సంవత్సరం అవి పూచాయి. వాసన చూసి మా అక్క కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఆ ఏడు వర్షాకాలంలో నేల అంటులు కట్టి ఒకటి ప్రొద్దుటూరులో అక్కకు, ఒకటి హైదరాబాదులో తమ్ముడికి, ఒకటి మా అపార్ట్‌మెంటులోనే కింది అంతస్తు వారికి ఇచ్చాను. అప్పుడు అది ఒక ముచ్చటగా చేసిన పనే తప్ప, ముందుచూపు ఏమీ లేదు.

2020 మార్చిలో మేమిద్దరం పది రోజుల కోసం బెంగుళూరులో అమ్మాయి ఇంటికి వెళ్ళాం. లాక్‌డౌన్ వచ్చిపడింది. రోడ్లు మూశారు, బస్సులు ఆగాయి. అపార్ట్‌మెంటులో కింది అంతస్తు వారు కూడా అంతకు ముందే తమ ఊరికి వెళ్ళి అక్కడే చిక్కుకున్నారు. మేము తిరిగి నంద్యాల చేరేసరికి మండువేసవి దాటిపోయింది. బాల్కనీలో మల్లె రెండు కుండలూ పుల్లలై ఉన్నాయి. గోటితో గీరి చూశాను, ఎక్కడా పచ్చ లేదు. కింది అంతస్తులోనిదీ అంతే. ఆళ్లగడ్డలో బావీ లేదు, పెరడూ లేదు.

ఆ ఏడు కార్తికంలో అక్క ప్రొద్దుటూరు నుంచి మనవడి చేత అంటు పంపింది. కుండకు ఒక చీటీ కట్టింది: “అబ్బీ, నువ్విచ్చిందే.” ఇప్పుడు మా బాల్కనీలో పూస్తున్నది అదే. నేను అక్కకు ఇవ్వకపోయి ఉంటే ఈనాడు నాకు లేదు. ఇచ్చినది మాత్రమే నిలిచింది, ఉంచుకున్నది పోయింది. పద్యాలలో ఈ నీతి పిల్లలకు ఎన్నిమార్లు బోధించానో లెక్కలేదు. ఒక మొక్క రూపంలో అది నా గుమ్మంలోకి నడిచి వచ్చినప్పుడు గాని దాని బరువు తెలియలేదు.

ఇంతకూ ఇది ఆ చెట్టేనా? శాస్త్రప్రకారం సందేహం లేదు. విత్తు మొలిస్తే కొత్త ప్రాణి. తల్లి నుంచి కొంత, తండ్రి నుంచి కొంత తీసుకొని మూడవదిగా పుడుతుంది. కొమ్మ నుంచి వచ్చినది పుట్టదు, కొనసాగుతుంది. అమ్మ పుట్టింటి బావి పక్క ఉన్నదీ, ఆళ్లగడ్డలో గొడ్డలివేటు తిన్నదీ, లాక్‌డౌన్‌లో ఎండినదీ, ఈ సాయంత్రం పూచినదీ జన్యుపరంగా ఒక్క మొక్కే. పువ్వు చెంత నిలబడి అదే వాసన అనుకోవడం కేవలం జ్ఞాపకం చేసే మాయ కాదు. అది నిజంగా అదే వాసన. మనుషుల విషయంలో ఈ మాట అనుకొనే వీలు లేదు. అందుకేనేమో మనం మొక్కలను పట్టుకొని వేలాడతాం.

దీనికి మరొక పక్క కూడా ఉంది. అన్నీ ఒక్కటే అయినప్పుడు వాటి బలహీనతలూ ఒక్కటే. తల్లికి పిండినల్లి ఉంటే కొమ్మతో పాటు అదీ వస్తుంది. ఒక తెగులుకు లొంగేదైతే అన్నీ లొంగుతాయి. కనుక కొమ్మ ఇచ్చేవారు ఆరోగ్యంగా ఉన్న చెట్టు నుంచి ఇవ్వాలి, తెచ్చుకున్నవారు ఆకుల అడుగున చూసుకొని కొన్నాళ్ళు వేరుగా ఉంచాలి. దేశాల మధ్య మొక్కల రాకపోకలకు నిబంధనలున్నది కూడా ఇందుకే. అమెరికాలో ఉన్న మా తమ్ముడి కూతురు “పెదనాన్నా, నాయనమ్మ మల్లె ఒక చిన్న కొమ్మ సూట్‌కేసులో పెట్టి పంపకూడదా?” అని అడుగుతుంది. అనుమతి పత్రాలు లేకుండా కూడదమ్మా అంటాను. ఆమెకు బాధగా ఉంటుందని తెలుసు. కాని ఒక పెరటి చెట్టుతో పాటు వెళ్ళిన పురుగు మరొక దేశపు తోటలను పాడుచేసిన సందర్భాలు లోకంలో ఉన్నాయి. ఆమె వచ్చినప్పుడల్లా ఇక్కడి కుండ దగ్గర కాసేపు కూర్చొని వెళుతుంది.

మన ఆడవారిలో ఒక నమ్మకం ఉంది, దొంగిలించిన కొమ్మే బాగా బతుకుతుందని. నవ్వులాటగా అనేదే అయినా అందులో కొంత నిజం లేకపోలేదు. దొంగ కొమ్మ చిన్నది, అప్పటికప్పుడు కోసినది, ఇంటికి పరుగెత్తుకెళ్ళి వెంటనే నాటినది. అడిగి తెచ్చుకున్నదాన్ని రేపు నాటుదాంలే అని నీళ్ళబకెట్టులో పడేస్తాం. బతికించేది దొంగతనం కాదు, తొందర. కనుక అడిగి తెచ్చుకొని దొంగలా నాటండి.

2022 ఏప్రిల్ 4న నంద్యాల జిల్లా కేంద్రమైంది. అప్పటి నుంచి అపార్ట్‌మెంటులు మరీ పెరిగాయి. ఆళ్లగడ్డలోనూ పెరళ్ళు తరిగి మేడలు లేస్తున్నాయి. దాన్ని తప్పనలేం, అందరికీ ఇళ్ళు కావాలి. కాని పడగొట్టే ప్రతి పాతమిద్దె వెనుకా గింజ కట్టని ఏదో ఒక చెట్టు ఉంటుంది. ఎవరి అమ్మమ్మో ఎక్కడి నుంచో తెచ్చుకున్నది, నర్సరీలో దొరకనిది. ఇల్లు అమ్మేవారికి నా మనవి ఒక్కటే. పత్రాలు రాసుకొనే ముందు ఒక వర్షాకాలం ముందుగా పెరట్లోకి వెళ్ళి రెండు కొమ్మలు వంచి మట్టిలో అదిమి రండి. ఒకటి మీకు, ఒకటి మరొకరికి.

ఈ శ్రావణంలో మా బాల్కనీలో ఆరు చిన్న కుండల్లో మల్లె అంటులున్నాయి. మూడింటికి అడిగినవారున్నారు, మూడు ఖాళీ. ఎవరికైనా సంతోషంగా ఇస్తాను. వెల ఏమీ లేదు, షరతు ఒకటుంది. మీ దగ్గర అది పూచిన మరుసటి ఏడు మీరొక అంటు కట్టి, నాకు తెలియని ఎవరికైనా ఇవ్వాలి.